చెన్నైలో ఉంటూ తెలుగులో రాయడం: ఊపు తెచ్చుకునే పద్ధతులు, నిలుపుకునే పద్ధతులు

తెలుగులో కథో వ్యాసమో రాయాలని ఉండి, ఉద్యోగం కోసమో చదువు కోసమో వచ్చి, లేదా తాతల కాలం నుంచీ ఇక్కడే పాతుకుపోయి చెన్నైలో ఉంటున్నవాళ్ల కోసం ఈ వ్యాసం. "మూడ్ రావట్లేదండీ" అంటూ నెలలు గడిపేసేవాళ్లకి నిజంగా తక్కువైనవి రెండే. ఒకటి, చెవిన పడే తెలుగు. ఆఫీసులో ఇంగ్లీషు, వీధిలో తమిళం, రాత్రి ఇంటికి ఫోన్ చేస్తే పది నిమిషాల తెలుగు. అందులోనూ తిన్నావా, పడుకున్నావా తప్ప కొత్త మాట ఒకటి దొరకదు. రెండోది, రాసింది వినే మనిషి. ఈ రెండూ సమకూర్చుకుంటే రాయాలన్న కోరిక మళ్లీ లేస్తుంది. ఇక్కడ చెప్పేవన్నీ ఆ రెండింటి చుట్టూ తిరిగే పనులే.

ముందు ఎక్కడ ఆగారో చూసుకోండి

చివరిసారి మొదలుపెట్టి వదిలేసినది బయటికి తీయండి. ఎన్ని మాటల దగ్గర ఆగిందో లెక్కపెట్టండి, ఆఖరి వాక్యాన్ని పైకి చదవండి. మొదటి పేరాలోనే ఆగి ఉంటే సరుకు లేదని అర్థం. వర్ణన సాఫీగా సాగి, పాత్ర నోరు విప్పే చోట ఆగి ఉంటే మాట కరువైందని అర్థం. పాత్ర వార్తలు చదివినట్టు మాట్లాడుతుంటుంది, అది రాసినవాళ్లకే నచ్చక ఫైలు మూసేస్తారు. తెలుగు ప్రాంతానికి దూరంగా ఉన్నవాళ్లలో ఎక్కువమంది ఆగేది ఇక్కడే. 600, 700 మాటల దగ్గర ఆగితే కథలో ఎవరికీ ఏమీ అక్కర్లేకుండా పోయిందన్నమాట. మొత్తం పూర్తయి ఫోన్లో పడి ఉంటే రాయడంలో లోటేమీ లేదు, వినేవాళ్లు కావాలి. దేనికి మందు దానికే. మాట కరువైనవాళ్లు ప్లాట్ల గురించి వీడియోలు ఎన్ని చూసినా లాభం ఉండదు.

చెవికి పని పెట్టండి

చెన్నైలో తెలుగు వినాలంటే వెతుక్కుంటూ వెళ్లాలి, కానీ ఉంది, బోలెడంత ఉంది. అన్నిటికంటే మంచి చోటు ఉత్తరం వైపు వెళ్లే లోకల్ రైలు. సెంట్రల్ పక్కన మూర్ మార్కెట్ కాంప్లెక్స్ నుంచి గుమ్మిడిపూండి, సూళ్లూరుపేట బళ్లు బయల్దేరతాయి. చాలా బళ్లు గుమ్మిడిపూండిలోనే ఆగిపోతాయి కాబట్టి సూళ్లూరుపేట దాకా వెళ్లేది ఎప్పుడుందో ముందే చూసుకోండి. మీంజూరు, పొన్నేరి దాటుతుంటే పెట్టెలో తెలుగు పెరుగుతుంది. ఆరంబాక్కం దాటి తడ చేరేసరికి నెల్లూరు యాస నిండుగా వినిపిస్తుంది. ఒక ఆదివారం ఉదయం వెళ్లి మధ్యాహ్నానికి తిరిగొస్తే రెండు వారాలకి సరిపడా సరుకు దొరుకుతుంది. అంత తీరిక లేకపోతే షావుకారుపేట సందులు, టి.నగర్‌లో పట్టుచీరల షాపులు, ఓఎంఆర్ మీద ఆంధ్రా మెస్సులు ఉన్నాయి. మెస్సులో ఫోన్ చూసుకుంటూ తినే అలవాటు మానుకుంటే చాలు.

జేబులో పట్టే చిన్న నోటుపుస్తకం ఒకటి, పెన్సిలు ఒకటి పెట్టుకోండి. బస్సు కుదుపులకి పెన్నుకంటే పెన్సిలు నయం, చెమట చేతికి సిరా అలుక్కుపోదు. ఇందులో అభిప్రాయాలు రాయకూడదు. విన్న మాట విన్నట్టుగా, చూసిన పని చూసినట్టుగా రాయాలి. తేడా తెలియడానికి ఒక ఊహాత్మక ఉదాహరణ.

ఇలా రాస్తే పనికిరాదు: "రైల్లో ఒక పేద పూలమ్మి కనిపించింది. ఆమె కళ్లలో జీవిత పోరాటం కనిపించింది."

ఇలా రాయాలి: "పొన్నేరి దగ్గర. యాభై దాటినామె, కనకాంబరాల బుట్ట. తడిగుడ్డ తీసి చూసి మళ్లీ కప్పింది. పక్కామెతో: నిన్న మిగిలినయ్యి ఈపొద్దు కలిపి కడతా ఉండానని అనుకోబాక. నా బేరం నేనే చెడగొట్టుకుంటానా? పక్కామె ఏమీ అనలేదు. బుట్టలో చెయ్యి పెట్టి చూసింది."

మొదటిది ఏ ఊళ్లో ఎవరైనా రాయగలిగేది, దాన్నుంచి కథ పుట్టదు. రెండోదాంట్లో ఇద్దరు మనుషులున్నారు, అనుమానం ఉంది, మాట కంటే ముందు చెయ్యి కదిలింది. ఆ పక్కామె ఎందుకు నమ్మలేదు అన్న ప్రశ్నతోనే ఒక పేజీ రాయొచ్చు.

"అనుకోబాక" అన్న మాట గమనించండి. ఆ రాత్రే రాసి పెట్టకపోతే తెల్లారేసరికి మన బుర్ర దాన్ని "అనుకోవద్దు"గా దిద్దేస్తుంది. జ్ఞాపకానికి ఉన్న పెద్ద జబ్బు ఇదే: యాసని కడిగేసి పత్రికల భాష తొడుగుతుంది. అందుకే విన్న రోజే ఎక్కించాలి, చేత్తోనే ఎక్కించాలి. వాయిస్ టైపింగ్‌ని ఈ పనికి వాడొద్దు. అది కూడా యాస మాటని తనకి తెలిసిన మాటలోకి మార్చేస్తుంది, ఆ మార్పు మన కంట పడదు. ఎవరి మాటల్నీ ఫోన్లో రికార్డు చేయొద్దు, పేర్లు రాసుకోవద్దు. వయసు, చేసే పని, చోటు, తేదీ చాలు.

వారానికి పది నమోదులు సరైన లెక్క. రోజుకి పది పెట్టుకుంటే నాలుగో రోజుకే పుస్తకం సంచి అడుగుకి చేరుతుంది. వారాంతంలో ఆ పదీ చదివి, ఒక్కటి ఎంచుకుని, అది ఆగిన చోటు నుంచి 150 మాటలు ముందుకి నడపండి. మిగతా తొమ్మిదిటినీ కొట్టేయకండి. మార్చిలో పనికిరానిది ఆగస్టులో వేరే కథలో సరిగ్గా ఇమిడిపోతుంది.

ఇక్కడే పుట్టి పెరిగినవాళ్లకి ఒక మాట. ఇంట్లో మాట్లాడే తెలుగులో తమిళం కలిసిపోయిందని, అది రాయడానికి పనికిరాదని చాలామంది జంకుతారు. ఆ జంకు వదిలేయండి. మూడు నాలుగు తరాలుగా ఈ ఊళ్లో నలిగిన తెలుగుకి తన సొంత నడక ఉంది, దాన్ని కాగితం మీద పెట్టినవాళ్లు తక్కువ. అమ్మమ్మ మాట్లాడే తీరులో పాత్ర మాట్లాడితే ఆ పాత్ర విజయవాడలోనో వరంగల్‌లోనో కూర్చున్న పాఠకుడికి కొత్తగా, నిజంగా వినిపిస్తుంది.

ముప్పై మాటల జాబితా

సరుకు లేనివాళ్లకి ఇది బాగా పనిచేస్తుంది. ఒక పనిచోటు ఎంచుకోండి: పట్టుచీరల షాపు, మెస్సు వంటిల్లు, షావుకారుపేట హోల్‌సేల్ కొట్టు, డబ్బింగ్ థియేటర్. రెండుసార్లు వెళ్లి, అక్కడి మనుషులు వాడే మాటలు ముప్పై పోగేయండి. వాటిలో కనీసం పది క్రియలు ఉండాలి. వస్తువుల పేర్లు మాత్రమే పోగేస్తే సరుకుల చీటీ తయారవుతుంది, కథ రాదు.

చీరల షాపునే చూద్దాం. అంచు, కడ్డీ అంచు, బుటా, జరీ, పైట చెంగు, కుచ్చులు, ఫాల్: ఇవి వెంటనే దొరికేస్తాయి. అక్కడ అరగంట కూర్చుంటే పనులు కనిపించడం మొదలవుతుంది. చీర విప్పి పరుపు మీద ఒక్క విసురుతో పరచడం, కొనేవాళ్ల ముఖం చూసి తర్వాతి చీర ఏ ధరలో తీయాలో తేల్చుకోవడం, వద్దన్న చీరని పాత మడత మీదే మళ్లీ మడవడం, మడుస్తూనే "పోనీ ఇది చూడండమ్మా" అని ఇంకోటి లాగడం. పెద్దామె రంగు దిగుతుందా అని అడిగితే, పెళ్లికూతురు ధర చీటీ వైపు చూస్తుంది. ఈ ముప్పై మాటల్లో పన్నెండు వాడుతూ 300 మాటల్లో ఒక బేరం రాయండి. బేరం కుదరకూడదు అని నియమం పెట్టుకోండి. కుదిరిన బేరంలో చెప్పడానికి ఏమీ మిగలదు.

మాట అర్థం ఖాయం చేసుకోవడానికి ఆంధ్రభారతి నిఘంటు శోధన చాలు, చాలా నిఘంటువులని ఒకేసారి వెతికిపెడుతుంది. బ్రౌన్ నిఘంటువు అందులో ఉంటుంది. మద్రాసులో 1852లో అచ్చయిన ఆ నిఘంటువుని మాట వెతకడానికే కాకుండా చదవడానికి కూడా తెరవండి. ఒక మాట దగ్గర ఆగి, దాని పైనా కిందా ఉన్న పదేసి మాటలు చూస్తే, మన ఇళ్లలో ఎప్పుడో వినిపించి ఆగిపోయిన మాటలు కనిపిస్తాయి. అలా దొరికినది ఒక కథకి ఒక్కటి వాడండి, ఎక్కువైతే ప్రదర్శన అవుతుంది.

చదవడం, చూసి రాయడం

రాయడానికి కూర్చునే ముందు రెండు పేజీల మంచి తెలుగు వచనం పైకి చదవాలి. మనసులో చదివితే చాలదు, ఎందుకంటే వాక్యం ఎక్కడ ఊపిరి తీసుకుంటుందో గొంతుకే తెలుస్తుంది. పీజీ రూములో పైకి చదవడం ఇబ్బందైతే మేడ మీదికెళ్లి గొణుక్కున్నా సరే.

వారానికి రెండు రోజులు ఒక పేజీ చూసి రాయండి. పద్ధతి ఇది: నచ్చిన రచయిత వచనం 150 మాటలు ఎంచుకోవాలి, ఒక్కో వాక్యం చదివి, పుస్తకం మూసి, గుర్తున్నట్టు రాయాలి, తెరిచి పోల్చుకోవాలి. మీరు ఎక్కడ మాట మార్చారో అక్కడ మీ అలవాటు బయటపడుతుంది. మామూలుగా కనిపించేవి మూడు: అక్కర్లేని "ఒక" చేర్చడం, క్రియ చివర "జరిగింది" తగిలించడం, చిన్న వాక్యాన్ని "మరియు"తో ఇంకోదానికి అతికించడం. మూడూ రోజంతా ఇంగ్లీషు మెయిళ్లు రాయడంవల్ల వచ్చేవే. ఒకే రచయితని పది రోజులకి మించి చూసి రాయొద్దు, ఆ గొంతు మీ గొంతు మీద కూర్చుంటుంది. నాటు యాసలో రాసినవారి తర్వాత నిదానంగా, పొడి మాటల్లో రాసినవారిని తీసుకోండి.

తిరగరాయడం అంటే నీరసం వచ్చేవాళ్లు కన్యాశుల్కం రెండు రూపాలూ పక్కపక్కన పెట్టుకుని ఒక్క రంగం చదవండి. గురజాడ మొదటి కూర్పు 1897లో వచ్చింది. 1909లో వచ్చిన రెండో కూర్పు దాదాపు కొత్త నాటకం; మధురవాణి పాత్ర ఎంతగానో పెరిగింది. మనం ఇవాళ తలుచుకునే నాటకం ఆ రెండోదే. అచ్చయి, ప్రదర్శన కూడా జరిగిపోయిన రచనని పన్నెండేళ్ల తర్వాత ఆయన మళ్లీ కట్టారు. మొదటి ప్రతి బాగా రాలేదని ఫైలు తుడిచేసే ముందు ఈ పోలిక చేయడం మంచిది.

చిన్న సంఘటనతో ఏం కథ వస్తుంది అని అనుమానం ఉన్నవాళ్లు పాలగుమ్మి పద్మరాజు గాలివాన చదవాలి. తుఫాను రాత్రి, ఒక రైల్వే స్టేషను, ఒక పెద్దమనిషి, ఒక ముష్టి మనిషి. 1952లో న్యూయార్క్ హెరాల్డ్ ట్రిబ్యూన్ ప్రపంచ కథల పోటీలో దానికి రెండో బహుమతి వచ్చింది. అందులో ఎంతమంది మనుషులున్నారో, ఎన్ని గంటలు గడిచాయో చీటీ మీద లెక్క రాసి చూడండి. మీ కథలో పాత్రలు ఏడు దాటి ఉంటే ఎవర్ని తీసేయాలో తెలుస్తుంది.

పుస్తకాలకి ఎగ్మూరు కన్నెమరా గ్రంథాలయం. 1896లో తెరిచారు, ప్రభుత్వ మ్యూజియం ఆవరణలోనే, ఎగ్మూరు స్టేషనుకి నడిచేంత దూరం. 1954 నాటి చట్టం ప్రకారం దేశంలో అచ్చయ్యే పుస్తకాల ప్రతి అందుకునే నాలుగు గ్రంథాలయాల్లో ఇదొకటి, అందుకే తెలుగు పుస్తకాలు ఇక్కడికీ చేరతాయి. ఊరికే బీరువాల మధ్య తిరగడానికి వెళ్తే మధ్యాహ్నం వృథా అవుతుంది. మూడు పుస్తకాల పేర్లు, రచయితల పేర్లు తెలుగులోనూ ఇంగ్లీషు అక్షరాల్లోనూ రాసుకుని వెళ్లి అడగండి. జాబితాల్లో స్పెల్లింగు ఒక్కోచోట ఒక్కోలా ఉంటుంది కాబట్టి రెండు మూడు రకాలుగా వెతకాలి. దొరికిన పుస్తకం నంబరు నోటు చేసుకుంటే మళ్లీ వెళ్లినప్పుడు పని తేలిక.

పాత పత్రికలు ఊపుకి మంచి మందు. కాశీనాథుని నాగేశ్వరరావు 1908లో బొంబాయిలో మొదలుపెట్టిన ఆంధ్రపత్రిక 1914లో మద్రాసుకి వచ్చి దినపత్రిక అయింది. 1924లో ఆయనే భారతి మాసపత్రిక తెచ్చారు. ఆ దినపత్రికనీ భారతినీ ఈ ఊళ్లోనే కూర్చారు, ఈ ఊళ్లోనే అచ్చువేశారు. పాత సంచికల స్కాన్లు ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో కూడా కొన్ని దొరుకుతాయి. సంచిక తెరిచాక కథల జోలికి వెళ్లకండి. ఒక ప్రకటన, ఒక చిన్న వార్త, పాఠకులు రాసిన ఒక ఉత్తరం: ఈ మూడు ఎత్తి రాసుకోండి. మందుల ప్రకటనలో ఆనాటి రోగాల భయం ఉంటుంది, ఉత్తరంలో ఆనాటి కోపం ఉంటుంది. చారిత్రక కథ రాయాలనుకునేవాళ్లు ప్రభుత్వ ప్రాచ్య లిఖిత గ్రంథాలయం గురించి తెలుసుకుని ఉండాలి. బ్రౌన్ పోగుచేయించిన తెలుగు ప్రతులు, కంపెనీ కాలపు సర్వేయరు మెకంజీ సేకరించిన గ్రామాల కైఫీయతులు (ఊళ్ల చరిత్ర రాసిన రికార్డులు) అందులో ఉన్నాయి. చెరువు ఎవరు తవ్వించారు, పొలం ఎవరికి దక్కింది, గుడి మాన్యం మీద తగాదా ఏమిటి లాంటి సంగతులతో నిండిన కైఫీయతు ఒకటి చదివితే నవలకి సరిపడా మనుషులు దొరుకుతారు.

రోజుకి ఎంత, ఎక్కడ, ఎప్పుడు

25 నిమిషాలు, 150 మాటలు. నోటుపుస్తకంలో అది ఒక పేజీ, అంతకంటే కొంచెం ఎక్కువ. ఇంతకంటే పెద్ద లెక్క పెట్టుకోవద్దని గట్టిగా చెబుతాం. వెయ్యి మాటల లెక్క ఇంగ్లీషు పుస్తకాల నుంచి వచ్చింది. తెలుగులో విభక్తీ ప్రత్యయమూ మాటలోనే అతుక్కుంటాయి కాబట్టి అదే విషయం తక్కువ మాటల్లో పడుతుంది. వారానికి ఐదు రోజులు రాస్తే నెలకి 3,000 మాటలు, అంటే ఒక కథ మొదటి ప్రతి. ఉద్యోగం చేస్తూ రాయడం కుదరదు అనిపించినప్పుడు కొడవటిగంటి కుటుంబరావుని తలుచుకోండి. 1952 నుంచి 1980లో చనిపోయేదాకా ఇదే ఊళ్లో చందమామ పని చూస్తూనే అన్ని కథలు, నవలలు, వ్యాసాలు రాశారు.

ఏప్రిల్ నుంచి జూన్ దాకా రాత్రిపూట కూర్చుంటే ఉక్కతోనే సగం ఓపిక పోతుంది, పొద్దున్నే ఐదున్నరకి కూర్చోవాలి. లజ్ దగ్గర నాగేశ్వరరావు పార్కు (ఆంధ్రపత్రిక నాగేశ్వరరావు పేరే) పొద్దుటిపూట రాయడానికి బాగుంటుంది. నడిచేవాళ్లు ఎక్కువ కాబట్టి దారికి ఎడంగా ఉన్న బెంచీ చూసుకోండి. ఎండ వేళ కోట్టూర్‌పురంలో అన్నా శతాబ్ది గ్రంథాలయం ఉంది, సొంత పుస్తకాలు తెచ్చుకుని కూర్చునే హాలు కింది అంతస్తులో ఉంటుంది. నవంబరు, డిసెంబరు వానల్లో కరెంటు పోతుంది, నెట్ పోతుంది. ఆ రెండు నెలలూ కాగితం మీద రాయడమే పద్ధతిగా పెట్టుకోండి.

ప్రతిరోజూ వాక్యం మధ్యలో ఆపండి. "ఆమె తలుపు తీసేసరికి" దగ్గర పెన్ను దించితే మర్నాడు ఖాళీ పేజీ ముందు కూర్చునే బాధ ఉండదు. రాసినంతసేపూ వెనక్కి వెళ్లి దిద్దొద్దు. దిద్దడం ఎంత సుఖంగా ఉంటుందంటే, అది చేస్తూ నెల గడిచినా రాస్తున్నామనే అనుకుంటాం.

మధ్యలో ఆగిన కథ

చాలా కథలు 600 మాటల దగ్గర ఎందుకు ఆగుతాయంటే, మనం మొదలుపెట్టింది ఒక పరిస్థితితో. పరిస్థితిని వర్ణించడం అయిపోగానే చెప్పడానికి ఇంకేమీ ఉండదు. అప్పుడు మూడు ప్రశ్నలు రాసుకోవాలి: ఎవరికి ఏం కావాలి? ఎవరు అడ్డం? ఇవాళే ఎందుకు?

ఒక కథని విప్పి చూద్దాం. షోలింగనల్లూరు పీజీలో ఉండే కుర్రాడి దగ్గరికి ఊర్నించి నాన్న వచ్చాడు. ఇంతవరకే ఉంటే రూము, ట్రాఫిక్కు, నాన్న చొక్కా వర్ణించి ఆగిపోతాం. ఇప్పుడు ప్రశ్నలు వేద్దాం. నాన్నకి ఏం కావాలి? కొడుకు పనిచేసే ఆఫీసు బయటి నుంచైనా చూడాలి, ఊళ్లో చెప్పుకోవాలి. కొడుకుకి ఏం కావాలి? ఉద్యోగం పోయిన సంగతి నాన్నకి తెలియకూడదు. ఎవరు అడ్డం? ఒకరికొకరే. ఇవాళే ఎందుకు? పీజీలో బయటివాళ్లని రాత్రి ఉండనివ్వరు, సాయంత్రంలోగా నాన్నని ఏదో ఒక బండి ఎక్కించాలి. ఆ టిక్కెట్టుకీ డబ్బులు నాన్ననే అడగాలి. ఇంకో వెయ్యి మాటలు వాటంతట అవే పడతాయి.

అప్పటికీ కదలకపోతే ఆఖరి రంగం ముందు రాసేయండి. లేదా వర్ణన పూర్తిగా మానేసి ఇద్దరి మాటలే రాయండి, "అన్నాడు, అంది" కూడా లేకుండా. ఎవరు మాట్లాడుతున్నారో పోల్చుకోలేకపోతే రెండు పాత్రలకీ మీ నోరే పెట్టారని తెలిసిపోతుంది. మళ్లీ చిన్న నోటుపుస్తకం తీయాల్సిన సందర్భం అది.

వినేవాళ్లని సంపాదించుకోవడం

నలుగురి నుంచి ఆరుగురి దాకా ఉన్న చిన్న బృందం కావాలి. ముగ్గురైతే ఒకరు రాకపోతే ఆగిపోతుంది, ఎనిమిది మంది అయితే సభ అయిపోతుంది. మనుషులు దొరికే చోట్లు ఉన్నాయి. టి.నగర్‌లో ఆంధ్రా సోషల్ అండ్ కల్చరల్ అసోసియేషన్, అందరూ ఆస్కా అంటారు. మైలాపూర్‌లో రాయపేట హైరోడ్డు మీద పొట్టి శ్రీరాములు స్మారక భవనం. 1952 డిసెంబరు 15న ఆయన కన్నుమూసిన ఇల్లే అది. మెరీనా దగ్గర మద్రాసు విశ్వవిద్యాలయం తెలుగు శాఖ. సాహిత్య సభకి వెళ్తే అరగంట ముందు వెళ్లండి, అయిపోయాక ఇరవై నిమిషాలు ఉండండి. మాటలు కలిసేది ఆ రెండు సమయాల్లోనే. పెద్దవాళ్లని కలిసినప్పుడు వంద పేజీల ప్రతి చేతిలో పెట్టి "చదివి చెప్పండి సార్" అనకండి. వాళ్లు మొహమాటానికి తీసుకుంటారు, మీరు ఆరు నెలలు ఎదురుచూస్తారు. రెండు పేజీలు ఇచ్చి, "ఈ సంభాషణ సహజంగా ఉందా చూస్తారా అండీ" అని ఒకే ప్రశ్న అడగండి. జవాబు అక్కడే వచ్చేస్తుంది.

బృందం రెండు వారాలకోసారి, గంటన్నర కలవాలి. ఒక్కొక్కరు 1,200 మాటలకి మించకుండా పైకి చదవాలి. నిదానంగా చదివితే పన్నెండు నిమిషాలు. ఒకరోజుకి ముగ్గురు చాలు. చదివినవాళ్లు తర్వాత పది నిమిషాలు నోరు మెదపకూడదు, వివరణలు ఇవ్వకూడదు. విన్నవాళ్లు మూడే చెప్పాలి: ఏం గుర్తుంది, ఎక్కడ ధ్యాస తప్పింది, ఏది నమ్మలేకపోయాం. "బాగుందండీ" అనే మాటకి నిషేధం పెట్టండి. ఆ మాటతో కడుపు నిండినట్టే ఉంటుంది, ఇంటికెళ్లి దిద్దడానికి ఏమీ ఉండదు. కథ ఎలా ఉండాలో చెప్పడం మొదలుపెట్టేవాళ్లు ప్రతి బృందంలోనూ ఒకరుంటారు. "అది మీ కథలో రాయండన్నా" అని నవ్వుతూనే ఆపాలి. వాట్సాప్ గ్రూపు పెడితే తర్వాతి కలయిక తేదీ, చోటు తప్ప ఇంకేమీ పెట్టకూడదని మొదటిరోజే రాసుకోండి. పండగ శుభాకాంక్షలు మొదలైన గ్రూపులో రచనల ఊసు రెండు నెలల్లో మాయమవుతుంది.

తెలుగు మాట్లాడతారు కానీ చదవడం రాదు అనేవాళ్లు చెన్నైలో ప్రతి తెలుగింట్లోనూ ఉంటారు. స్కూల్లో తమిళమో ఇంగ్లీషో చదువుకున్న అక్క, బావ, పక్కింటి అత్త. వీళ్లని తక్కువ చూడకండి, ఇంతకంటే మంచి శ్రోతలు దొరకరు. పుస్తకాల తెలుగు వీళ్లకి అర్థం కాదు, అర్థమైనట్టు నటించరు కూడా. చదువుతుంటే "అంటే ఏంటీ?" అని అడ్డుతగిలిన ప్రతిచోటా పెన్సిలుతో గీత పెట్టండి. ఆ గీతల్లో సగం చోట్ల మాట మారిస్తే కథ బాగుపడుతుంది. మిగతా సగం చోట్ల మీ మాటే ఉంచేయొచ్చు, కానీ ఎందుకు ఉంచుతున్నారో తెలిసి ఉంచుతారు.

పత్రికకి పంపేటప్పుడు

యూనికోడ్‌లో టైపు చేయండి. కొన్ని పత్రికలు అను ఫాంట్లలో (యూనికోడ్ కాని పాత తెలుగు ఫాంట్లు) పేజీ పెడతాయి, యూనికోడ్ నుంచి మార్చేటప్పుడు వత్తులు, అరసున్నలు చెదురుతాయి. అందుకే వర్డ్ ఫైలుతోపాటు పీడీఎఫ్ కూడా జతచేస్తే వాళ్లు పోల్చి చూసుకుంటారు. మాటల పరిమితి దాటితే చాలాచోట్ల చదవకుండానే పక్కన పెడతారు. రచన సొంతమని, అనువాదమో అనుసరణో కాదని, ఇంకెక్కడా పరిశీలనలో లేదని హామీ రాయాలి. రాశాక ఆ మాట మీద నిలబడాలి. ఒకే కథని రెండు పత్రికలకి ఒకేసారి పంపితే రెండింటిలోనూ వచ్చి, ఆ తర్వాత రెండు తలుపులూ మూసుకుంటాయి. సంక్రాంతి, ఉగాది, దీపావళి పోటీల ప్రకటనలు పండక్కి రెండు మూడు నెలల ముందే వస్తాయి, కాబట్టి గడువు చూసి కథ మొదలుపెట్టడం కంటే చేతిలో రెండు దిద్దిన కథలు ఉంచుకోవడం మేలు.

ఒక పట్టిక పెట్టుకోండి: కథ పేరు, పంపిన తేదీ, ఎక్కడికి, జవాబు. మూడు నెలలు జవాబు రాకపోతే మర్యాదగా ఒక మెయిలు రాసి, రెండు వారాలు ఆగి, "ఉపసంహరించుకుంటున్నాను" అని తెలియజేసి ఇంకోచోటికి పంపొచ్చు. తిరిగొచ్చిన కథని వారంపాటు తెరవకండి. తర్వాత బృందంలో పైకి చదవండి. ఇద్దరు ఒకే చోట తట్టుకుంటే అక్కడ మార్చండి, ఒక్కరే అయితే అలాగే ఉంచి పంపండి. ఆ కథ బయట తిరుగుతున్నన్నాళ్లూ రెండో కథ మీద 25 నిమిషాలు ఆపొద్దు. పట్టికలో కనీసం రెండు వరుసలు ఎప్పుడూ నడుస్తుంటే ఒక తిరస్కారం వచ్చిన రోజున కూడా చేతిలో పని ఉంటుంది.